మొలవని చేను మీద జోకు

గట్టు మండలంలో వ్యవసాయ విస్తరణాధికారిగా చేరిన కొత్తలో నాకు మైకు అంటే వణుకు. రైతు వేదిక హాల్లో తెర మీద బొమ్మలు చూపిస్తూ మాట్లాడుతుంటే రెండో బొమ్మకే ఆవులింతలు మొదలయ్యేవి. నాలుగో బొమ్మకు వెనక కుర్చీలు ఖాళీ. శిక్షణలో ఒక పెద్ద సారు, “ముందు నవ్వించమ్మా, తర్వాత నేర్పించు” అన్నాడు. ఆ మాట పట్టుకుని గద్వాలలోని మా ఇంట్లో వారం రోజులు అటూ ఇటూ తిరుగుతూ జోకులు వల్లించాను. మా అమ్మ మగ్గం ఆపి, “ఏంది, నీలో నువ్వే మాట్లాడుకుంటున్నవ్?” అని అడిగేది.

వేరుశనగ విత్తనాల మొలక పరీక్ష గురించి చెప్పే రోజు వచ్చింది. గొంతు సవరించుకుని మొదలుపెట్టాను. “ఒకాయన పల్లి విత్తి, రోజూ చేని ఒడ్డు మీద కూర్చుని చూస్తున్నాడట. ఒక్క మొలకా రాలేదు. భార్య వచ్చి, ‘నువ్ గట్ల గుడ్లురిమి చూస్తే భయపడి లోపల్నే ఉన్నయ్. ఇంటికి రా’ అన్నదట.”

వేదిక దద్దరిల్లింది. నా ఒళ్లు తేలిపోయింది. అయితే నవ్వుతున్నవాళ్లెవరూ నన్ను చూడటం లేదు. అందరి తలలూ మూడో వరుస వైపు తిరిగాయి. అక్కడ కూర్చున్న ఒక పెద్దాయన తువ్వాల దులిపి భుజాన వేసుకుని బయటికి వెళ్లిపోయాడు.

“పోయినేడు ఆయన చేన్ల పల్లి మొలవలే మేడం,” అంది ముందు వరుసలో ఒకావిడ, ఇంకా నవ్వుతూనే.

తర్వాత ఏం చెప్పానో నాకే తెలియదు. ఆ సాయంత్రం ఇంట్లో కుదురుగా కూర్చోలేకపోయాను. అన్నం ముందు కూర్చుని లేచాను. ఫోను తీశాను, పెట్టేశాను. ఆయన నంబరు నా దగ్గర ఉంది. ఏమని మాట్లాడాలి?

మర్నాడు పొద్దున్నే స్కూటీ మీద ఆయన చేనికి వెళ్లాను. కంప కొట్టి ఒడ్డున వేస్తున్నాడు. నన్ను చూసి కూడా పని ఆపలేదు.

“కాకా, నాకు తెల్వదు. తెలిస్తే ఆ మాట అనేదాన్ని కాదు.”

“నువ్ చెప్పింది అబద్ధమా, కాదు గద బిడ్డా. మా ఇంటామె గూడ గిట్లనే అన్నది. ఇద్దరం నవ్వుకున్నం.” కొడవలి కింద పెట్టాడు. “ఇంట్ల నవ్వుకునుడు వేరు. ఊరోళ్లు ఏడాది సంది నవ్వుతనే ఉన్నరు. నిన్న నువ్ మైకుల గూడ షురూ చేసినవ్.”

ఆయన కొట్టిన కంప కొంత ఎత్తి ఒడ్డున వేశాను. ఆయనే అడిగాడు. “ఈసారి ఇంట్ల దాచిన ఇత్తనమే ఏద్దామనుకుంటున్న. మొలుస్తదో లేదో జర చూస్తవా?”

ఇంటికి తీసుకెళ్లాడు. వంద గింజలు లెక్కపెట్టి, తడి గోనెసంచిలో వరసలుగా పేర్చి చుట్టి, నీడన పెట్టాం. ఆ వారమంతా నాకు పరీక్ష రాసి ఫలితం కోసం చూస్తున్నట్టు ఉండేది. రోజూ ఫోను చేసేదాన్ని. “ఇప్పుడే ఇప్పితే ఎట్ల? జర ఆగు,” అని ఆయనే నన్ను సముదాయించాడు. విప్పిన రోజు వందలో ఎనభైకి పైగా మొలకెత్తి ఉన్నాయి; విత్తడానికి డెబ్బై మొలిచినా చాలు.

తర్వాతి సమావేశంలో నా సంగతే చెప్పాను. “మాది మగ్గం ఇల్లు. వ్యవసాయ డిప్లొమాలో చేరిన మొదటి నెల, పల్లి మొక్క కొమ్మలన్నీ వెతికి, దీనికి కాయలు పట్టలేదు సార్ అని చెప్పాను. సారు మొక్క పీకి నా చేతికిచ్చాడు.” ఆడవాళ్లు కొంగు నోటికి అడ్డం పెట్టుకుని నవ్వారు. ఈసారి అందరూ నన్నే చూశారు. నవ్వు ఆగాక ఒకామె లేచి, మందు పట్టించిన గింజను చేత్తో ముట్టవచ్చా అని అడిగింది. ఇన్నాళ్లూ అడగడానికి సిగ్గుపడిందట. ఆమె వెనకే ఇంకొకరు లేచారు. తెర మీద బొమ్మలు సగం అలాగే మిగిలిపోయాయి.

వచ్చే వారం వేరే మండలంలోని రాజోలిలో మాట్లాడమన్నారు. ఆ ఊళ్లో ఎవరి చేను ఎలా ఉందో, ఎవరింట్లో ఏం జరిగిందో నాకు తెలియదు. ఒకరోజు ముందే వెళ్లి నలుగురితో కూర్చుని వస్తానని మా పై అధికారికి చెప్పాను. “మాట్లాడేది ముప్పావు గంట, దానికి ఒక రోజెందుకు?” అన్నాడు. మూడో వరుసలో ఎవరు కూర్చుంటారో ముందే తెలుసుకోవడానికని ఇంకా చెప్పలేదు.