డెక్ మీద పోయిన తాయెత్తు

మొన్న విజయనగరం కోట దగ్గర హోటల్లో ఇడ్లీ తింటూ తలెత్తి చూసేసరికి టీవీలో నేను పనిచేసిన ఓడ కనిపించింది. నావికులు బారులు తీరి నిలబడి ఉండగా దాని జెండాను ఆఖరిసారి దించుతున్నారు. పక్క బల్ల దగ్గర కుర్రాళ్లు పాటలు పెట్టమని సతాయిస్తే హోటలాయన ఛానల్ మార్చేశాడు. నేను సగం ఇడ్లీ వదిలేసి లేచిపోయాను. ఆ ఓడంటే నాకు ప్రేమ ఉంది, భయమూ ఉంది, నిజం చెప్పాలంటే భయమే ఒక పాలు ఎక్కువ.

విమానాలను మోసే ఓడ అంటే ఏమిటో మావాళ్లకు చెప్పడం నా వల్ల ఎప్పుడూ కాలేదు. గజపతినగరం దగ్గర వరీ నువ్వులూ పండించుకునే మా బావ, నేను ఎంత చెప్పినా, సముద్రం మీద విమానం దిగడమేమిటని నవ్వేసేవాడు. మన చేతికి రాకముందే అది మరో దేశానికి ఏళ్ల తరబడి చాకిరీ చేసిన ఓడ. మనవాళ్లు రంగులేసి, మరమ్మతులు చేయించి, గల్ఫ్ దాకా, దక్షిణాన దీవుల దాకా తిప్పారు. నా సర్వీసు ఆఖరికి వచ్చేసరికి, అంటే ఈ దశాబ్దం మొదట్లో, అది సముద్రంలో కంటే మరమ్మతు రేవులోనే ఎక్కువగా ఉండేది. అడుగు అంతస్తులో నడుం వాలిస్తే ఇనుము మూలుగుతున్నట్టు వినిపించేది, ఏదో ఒకనాడు ఇది ఎవరినో ఒకరిని మింగుతుందని మాలో మేము అనుకునేవాళ్లం, పైకి మాత్రం ఎవరూ అనేవారు కాదు.

మా అక్క కొడుకు అదే ఓడ మీదకి, అదీ నా జట్టులోకే వచ్చాడు. బయల్దేరేముందు అక్క వాణ్ని శ్రీకూర్మం తీసుకెళ్లి, స్వామి ముందు పెట్టి తెచ్చిన రాగి తాయెత్తును ఎర్రదారంతో దండచేతికి కట్టింది. "ఒరే తమ్ముడా, ఆణ్ని నీ సేతిలో ఎడతన్నాను" అంది నాతో.

డెక్ మీద, అంటే విమానాలు ఎగిరి దిగే ఓడ పైభాగం మీద, ఉంగరం, గడియారం, దారం, ఏదీ ఉండకూడదు. విమానాలు ఎగిరే ముందు మేమంతా భుజం భుజం కలిపి, చేలో కలుపు తీసేవాళ్లలా వంగి, ఈ చివర నుంచి ఆ చివరకు నడుస్తూ చిన్న మేకునైనా, రాతి పలుకునైనా ఏరేవాళ్లం. ఇంజను గాలితో పాటు అలాంటిది లోపలికి లాక్కుందంటే విమానమూ ఉండదు, అందులో మనిషీ ఉండడు. తాయెత్తు తీసి పెట్టెలో పెట్టేశానని మేనల్లుడు నాతో చెప్పాడు, నేను నమ్మాను.

ఒకరోజు విమానాలన్నీ దిగిపోయాయి, ఒక్కటే ఆకాశంలో మిగిలింది. అది నిలువునా డెక్ మీదకి దిగే రకం. చుట్టుపక్కల ఎక్కడా నేల లేదు, అందులో చమురు అయిపోవస్తోందని కబురు వచ్చింది. అప్పుడు మేనల్లుడు నా పక్కకొచ్చి, మొహంలో నెత్తురు చుక్క లేకుండా, "మావా, నా తాయెత్తు తెగి పడిపోనాది. పొద్దున్న సేతికి ఉన్నాది" అన్నాడు.

వాణ్ని తిట్టడానికి కూడా వ్యవధి లేదు. ఇద్దరం పరుగున వెళ్లి అధికారికి చెప్పాం. ఆయన వాడి వైపైనా చూడకుండా అందరినీ డెక్ మీదకి పిలిచాడు. వంటవాళ్లతో సహా వచ్చి వరుసకట్టి వంగి నడిచాం. ఇనుప రేకుల మధ్య సందుల్లో వేళ్లు పెట్టి తడిమాం. దొరకలేదు. సముద్రంలోకి ఎగిరిపోయిందో, ఎక్కడైనా ఇరుక్కుని గాలి కోసం ఎదురుచూస్తోందో ఎవరికీ తెలియదు. ఇక ఆగితే ఆ విమానం నీళ్లలో పడాలి. దిగమన్నారు.

అది ఓడ పక్కన వచ్చి గాలిలో నిలబడి, మెల్లగా డెక్ మీదకి జరిగి దిగుతుంటే, దాని కింద గాలి మమ్మల్ని తోసేస్తుంటే, మేనల్లుడు చెవులు మూసుకుని నా కాళ్ల దగ్గర కూలబడిపోయాడు. ఇంజను చప్పుడు ఎక్కడ మారుతుందోనని నేను ఊపిరి బిగపట్టి విన్నాను. మారలేదు. చక్రాలు ఆనాయి. అద్దం తెరుచుకుని పైలెట్ దిగాడు, మా వాడి ఈడువాడే, అందరికీ చెయ్యి ఊపి లోపలికి వెళ్లిపోయాడు.

మా వాణ్ని డెక్ మీద నుంచి తీసేసి ఉల్లిపాయల గిడ్డంగిలో పడేశారు. తరవాత సెలవు మీద ఇద్దరం ఇంటికి వెళ్తే అక్క ముందుగా వాడి చొక్కా చెయ్యి పైకి లాగి చూసింది. పడిపోయిందని వాడు గొణిగాడు. అక్క భయపడుతుందనుకున్నాను. ఆవిడ మొహం వెలిగిపోయింది.

"పోతే పోనాది నాయనా. నీ గండం అట్టుకుని ఎలిపోనాది" అని వాడి తల నిమిరింది.

మర్నాడు మొక్కు తీర్చడానికి అందరం శ్రీకూర్మం వెళ్లాం. అక్క కళ్లు మూసుకుని దండం పెడుతుంటే వాడు తల ఎత్తలేదు. గడువు తీరగానే నౌకాదళం వదిలేసి విజయనగరంలో స్కూటర్లు బాగుచేసుకుంటున్నాడు, ఆ సంగతి మా ఇద్దరి మధ్యా మళ్లీ ఎప్పుడూ రాలేదు.

ఇప్పుడు ఆ విమానాలూ లేవు, ఓడనూ పక్కన పెట్టేశారు, కొత్త ఓడ మీద అంతా కొత్త పద్ధతి అంటున్నారు. నడి సముద్రం నుంచి కూడా అమ్మతో మాట్లాడే రోజులు వస్తాయట, రావాలి కూడా. మా అక్క ఇప్పటికీ వచ్చినవాళ్లందరికీ ఆ గండం కథ సంతోషంగా చెబుతుంది. వింటూ నేను కూడా తల ఊపుతాను. మా వాడి చేతి నుంచి వెళ్లిన ఆ గండం ఆ కాసేపు ఎవరి నెత్తిమీద కూర్చుందో అక్కకి తెలియదు. ఆ పైలెట్ తల్లి ఏ ఊళ్లో ఉందో, ఆ పూట ఏం వండుకుంటోందో, ఈ సంగతి ఆవిడకీ ఎవరూ చెప్పి ఉండరు.