సంతకం వచ్చినదాని వేలిముద్ర

మొన్న తార్నాకలో మెట్రో స్తంభాల పక్కనున్న బ్యాంకుకు, మా ఆయన పోయాక నాకు వచ్చే పింఛను కోసం, నేను బతికే ఉన్నానని చూపించుకోవడానికి మనవరాలిని వెంటబెట్టుకుని వెళ్లాను. అక్కడి అమ్మాయి చిన్న మిషను నా ముందుకు జరిపి బొటనవేలు పెట్టమంది. పెట్టాను. కొంగుతో తుడిచి మళ్లీ పెట్టాను, ఇంకోసారి గట్టిగా నొక్కి పెట్టాను. ప్రతిసారీ ఎర్ర దీపమే వెలిగింది. "అమ్మమ్మా, నీ వేలి మీద గీతలే లేవు, అరిగిపోయినయ్" అంది ఆ బ్యాంకు పిల్ల. ఇన్నేళ్లు అంట్లు తోమిన చేతికి గీతలెక్కడ మిగులుతాయని కసిరాను గాని, లోపల గుండె దడదడలాడింది. వేలిముద్ర ముందు నా గుండె అట్లా కొట్టుకోవడం అది రెండోసారి.

మొదటిసారి కొట్టుకున్నది అరవైల చివర, యూనివర్సిటీ క్యాంపస్‌లో. మా ఆయన అక్కడ లేబరేటరీలో అటెండరు, మేము తార్నాకలో రెండు గదుల పెంకుటింట్లో అద్దెకుండేవాళ్లం. క్యాంపస్ ఉద్యోగులంతా కలిసి పెట్టుకున్న సహకార స్టోర్సులో బియ్యం, చక్కెర, కిరసనాయిలు బజారు కంటే చవకగా దొరికేవి. అయితే మెంబరే స్వయంగా వచ్చి తీసుకోవాలి. మా ఆయన డ్యూటీ వేళలూ స్టోర్సు తెరిచే వేళలూ ఒకటే. ఉద్యోగుల భార్యలను కూడా చేర్చుకుంటున్నారని తెలిసి, రెండు నెలలు ఇంట్లో చాయ్ మాన్పించి, నా పేరు మీద ఒక షేరు కొన్నాను.

చేరిన రోజు నా చంకలో పిల్ల, చేతిలో కిరసనాయిలు డబ్బా, నెత్తిన కొంగు. అక్కడి గుమాస్తా తలైనా ఎత్తకుండా ఇంకు ప్యాడ్ నా వైపు తోశాడు. మా ఊరి బడిలో రెండో తరగతి దాకా చదివినదాన్ని, నా పేరు రాసుకోవడం నాకు వచ్చు, కాని కలం ఇమ్మని అడగడానికి నోరు రాలేదు, వెనక వరుస తోస్తోంది, పిల్ల ఏడుస్తోంది, వేలు అద్ది వచ్చేశాను. ఇంట్లో చెప్పలేదు. ఎట్లా చెప్పను? రాత రాయకపోతే పిల్లల వీపు మోగించేది నేనే. మా ఆమెకు సంతకం వస్తదని తోటి అటెండర్ల దగ్గర గొప్ప చెప్పుకునేది మా ఆయన.

ఏడాది తిరిగేసరికి స్టోర్సుకు ఎన్నికలొచ్చాయి. పోటీచేసే జట్లలో ఒకటి, జీతం తీసుకునేవాళ్లే మెంబర్లుగా ఉండాలనీ, తాము గెలిస్తే ఆడవాళ్ల పేర్లు కొట్టేయిస్తామనీ క్యాంటీన్ ముందు నిలబడి చెప్పింది. మా పక్కింటి వదినె, అంటే చుట్టరికం ఏమీ లేదు, రాయలసీమ నుంచి వచ్చిన ఒక ఆఫీసు ఉద్యోగి భార్య, రోజూ పేపరు చదివి మాకు వినిపించేది, ఆమె ఇల్లిల్లూ తిరిగి ఆడవాళ్లను కూడగట్టింది. "మన ఓటు మనం ఎయ్యకపోతే రేపు చక్కెరకు కూడా మొగుళ్లను బతిమాలుకోవల్ల" అంది. తర్వాత నా వైపు తిరిగి, "నువ్వు ముందర నిలబడు మే, సదువుకున్నదానివి, నిన్ను చూసి అందరికీ ధైర్యం వస్తాది" అంది.

చేరినప్పుడు రిజిస్టరులో పెట్టిన సంతకంతోనో వేలిముద్రతోనో సరిపోకపోతే ఓటు చెల్లదని అప్పటికే అందరూ చెప్పుకుంటున్నారు. సంతకం పెడితే ఓటు పోతుంది, ఓటు పోతే మా పేర్లు పోతాయి; వేలిముద్ర పెడితే అందరి కళ్ల ముందు నా పరువు పోతుంది, మా ఆయన మాట పోతుంది. ఎన్నికలకు ఇంకా మూడు రోజులే ఉంది. ఏనాడూ గింజ పారేయనిదాన్ని, రెండుసార్లు అన్నం మాడబెట్టాను. పిల్లల పలక మీద నా పేరు రాయడం, ఎవరైనా వస్తే చెరపడం.

ఎన్నికల ఆదివారం క్యాంపస్ దాకా నడిచి వెళ్లి ఆడవాళ్ల వరుసలో ముందు నిలబడ్డాను. ఎదుటి మగవాళ్ల వరుసలో మా ఆయన. బల్ల వెనక కూర్చున్న ఎన్నికల అధికారి నా పేరు వెతికి, దాని కింద నల్లటి ముద్ర చూసి, ఇంకు ప్యాడ్ ముందుకు జరిపాడు.

"నాకు రాయొస్తది సారూ" అన్నాను. ఎట్లా అన్నానో నాకే తెలియదు.

అవతలి జట్టు ఏజెంటు పక్కనే ఉన్నాడు. "రాయొస్తే మరి గీ ముద్ర ఎవరిది? గీమె గామె కాదు సార్, ఓటు క్యాన్సల్ చేయుండ్రి" అని నవ్వాడు. మా ఆయన తల దించుకున్నాడు.

"నాదే" అన్నాను. "ఆ దినం సంకల పిల్ల ఉండె. మీ గుమాస్త కలమియ్యలే, నేను అడగలే. తప్పు ఇద్దరిది." అని వేలు ప్యాడ్ మీద ఆన్చి కాగితం మీద అద్దాను. అధికారి భూతద్దం తీసి ఆ ముద్రనూ ఈ ముద్రనూ మార్చి మార్చి చూశాడు. చివరికి సరిపోయిందన్నాడు. నేను కదల్లేదు. పక్కన సంతకం కూడా పెడతానన్నాను.

"రెండూ ఎందుకమ్మా?"

"మల్ల ఎవ్వరు అడగొద్దని."

ఆయన నవ్వి కలం ఇచ్చాడు. అక్షరాలు వంకర పోయాయి, అయినా నావే. నా వెనక వదినె వంతు. రిజిస్టరు తిప్పితే, రోజూ మాకు పేపరు చదివి వినిపించే ఆమె పేరు కింద కూడా వేలిముద్రే. నా మొహం చూడకుండా, "నాదీ అట్లనే సార్, నాకూ కలమియ్యండి" అంది. నన్ను ముందర ఎందుకు నిలబెట్టిందో అప్పుడు తెలిసింది. ఆమె వెనక ఇంకో ఇద్దరు కూడా కలం అడిగారు. ఆ సంగతి వదినెను నేను ఏనాడూ అడగలేదు, దారిలో ఆమె కొనిపెట్టిన పల్లీలు మాత్రం తిన్నాను. మర్నాడు తెల్లవారి లేచి మా ఆయన తానే చాయ్ పెట్టాడు.

మా పేర్లు ఎవరూ కొట్టేయలేదు. ఆ స్టోర్సు తర్వాత ఎన్నడో మూతపడింది, వదినె కూడా పోయింది. ఇప్పుడు మా అపార్ట్‌మెంటు సొసైటీ ఎన్నికలంటే ఓటు కోసం రెండంతస్తులు దిగి వచ్చేవాళ్లు లేరు. బ్యాంకు పిల్ల మాత్రం ఆఖరికి ఒక కాగితం ఇచ్చి సంతకం చేయమంది. చేస్తుంటే, ఆ పాత రిజిస్టరు ఏ గదిలో పడి ఉందో అనిపించింది. చెదలు తినకపోతే, నా వేలి గీతలన్నీ అందులో పదిలంగా ఉంటాయి. పోయినవి నా వేలి మీదే.