వద్దనిపించుకునే పెట్టెలు

మా నాన్న పాలకొల్లులో చీరల కొట్టు నడిపేవారు. మొదట పరిచే రెండు చీరలు అమ్మడానికి కాదు, వద్దనిపించుకోవడానికి. ఆ రెండింటినీ తోసేసిన తృప్తితో మనిషి మూడోది కొంటుంది. నేను రాజమండ్రిలో కూర్చుని బ్రౌజర్లో క్లౌడ్ సర్వర్ల డిజైన్లు గీస్తాను. తెరమీద ఒక్కో సర్వరూ ఒక్కో పెట్టె. పనైతే మారింది గానీ బుద్ధి మారలేదు. ప్రతి డిజైన్లోనూ రెండు పెట్టెలు అదనంగా పెడతాను, క్లయింటు తీసేయడానికి.

ఆ ఉదయం క్లయింటు, అంతర్వేది వైపు చేపల వ్యాపారం చేసే ఒక పెద్దావిడ. పడవలు దిగగానే ఫోన్లోనే వేలం జరగాలని యాప్ చేయించుకుంటున్నారు. ఆవిడ ఫోన్ లైన్లో ఉన్నారు. ఇద్దరి తెరల మీదా అదే డిజైన్ బొమ్మ. నా మౌస్ బాణం నీలం, ఆవిడది ఎరుపు. ఆవిడ అప్రూవ్ నొక్కితే బొమ్మలో ఉన్నది ఉన్నట్టు తయారైపోతుంది.

ఎర్ర బాణం నా అదనపు పెట్టెలను ముట్టుకోకుండా దాటిపోయి, వేలం లెక్కలకు నకలు దాచే పెట్టె మీద ఆగింది.

"ఇదెందుకండి? లెక్కలు ఒకచోట ఉన్నాయి కదా."

"అది తియ్యకండి మేడం. ఆ ఒక్కచోటా పాడైతే ఎవరు ఎంతకు పాడారో ఏమీ మిగలదు. పడవలవాళ్లకు ఏం చెప్తారు?"

"ఇంత గట్టిగా పట్టుకున్నారంటే మీ లాభం ఇక్కడే ఉందన్నమాట." పెట్టె మాయమైంది. "మీ నాన్నగారి కొట్లో చీరలు కొన్నదాన్నేనండి నేను!"

నేను పెట్టెను వెనక్కి తెచ్చాను. ఆవిడ మళ్లీ తీసేశారు. బతిమాలేకొద్దీ అనుమానం పెరుగుతోంది.

"పడవలొచ్చేస్తున్నాయండి. నొక్కేస్తున్నా."

ఎర్ర బాణం అప్రూవ్ వైపు జరిగింది. ఇక మాటలతో పనికాదు. నా అదనపు పెట్టెలు రెండూ, ఆవిడ చూస్తుండగా, నేనే తీసేశాను.

బాణం ఆగింది.

"అదేంటండి, అడక్కుండానే తీసేశారు?"

"అవి అక్కర్లేదు మేడం. మీరు బేరమాడతారని పెట్టాను."

అవతల ఎవరో ఐసు కోసం అరుస్తున్నారు.

"మరి ఆ నకలో?"

"దానికి బేరం లేదు."

పెట్టెను ఆవిడే వెనక్కి తెచ్చారు. నేను ఊపిరి పీల్చుకునేలోపే ఎర్ర బాణం బొమ్మ మొదటికి వచ్చి నిలబడింది.

"పడవల సంగతి మావాళ్లు చూసుకుంటారు. ఇప్పుడు మొదట్నుంచి చెప్పండి బాబూ, ఒక్కో పెట్టె ఎందుకుందో."

చెప్పాను. అంతా నిజమే చెప్పాను. అయినా ప్రతిదాన్నీ ఆవిడ రెండోసారి చెప్పించుకున్నారు.