మావ తాళంలో తప్పు

చింతపల్లిలో మా ఇంటి వెనక గదిలో నేను పాటలు కట్టేది ఒక పాత ల్యాప్‌టాప్ మీద. అందులో కాంగాలు, బాంగోలు అనే డోళ్లు ఉన్నాయి. ఎక్కడో క్యూబా దేశపు వాయిద్యగాళ్లు అరచేత్తో కొట్టిన ఒక్కో దెబ్బనీ రికార్డు చేసి సాఫ్ట్‌వేర్‌గా అమ్ముతుంటే కొనుక్కున్నాను. మీట నొక్కితే చాలు, తాళం వెంట్రుకవాసి తప్పదు. దాంతో నా కళ్లు నెత్తికెక్కాయి.

ముంచింగిపుట్టు దగ్గర ఊళ్లో మా మేనమామ తుడుము కొట్టేవాడు. తుడుము మోగితేనే మా ఆడవాళ్లు ఒకరి నడుం ఒకరు పట్టుకుని థింసా ఆడేది. పోయిన ఏడాది ఆయన్ని పిలిచి రికార్డు చేశాను. పెరట్లో మంటవేసి, తుడుము చర్మం బిగిసేలా కాచుకుని గదిలోకి వచ్చాడు. చెవులకి హెడ్‌ఫోన్ తగిలించి, లోపల టిక్కుటిక్కుమనే లెక్కకి కొట్టమన్నాను.

"ఇదేటల్లుడా, పేనం తీసేత్తంది! నాను ఆటకి కొట్టాలా, దీనికి కొట్టాలా?" అన్నాడు.

కొట్టాడు. కానీ ఆట వరస తిరిగే చోటికి వచ్చేసరికి ప్రతిసారీ ఒక దెబ్బ ఆలస్యం. నాలుగుసార్లు కొట్టించాను, అదే తప్పు. నాకు చిర్రెత్తుకొచ్చింది. "సరేలే మావా, నాను సూసుకుంటాను" అని పంపేశాను. ఆయన దెబ్బలన్నీ చెరిపేసి కాంగాలు పెట్టాను. పాట పెళ్లిళ్లలో తెగ మోగింది.

ఈ చలికాలం మావకి పక్షవాతం వచ్చి కుడిచెయ్యి పడిపోయింది. ఆ తరవాత వాళ్ల ఊరి పెళ్లిలో బాక్సుల్లో నా పాటే పెట్టారు. మావ పెళ్లాం, మా అత్త, ఎప్పుడూ వరసలో ముందుండే మనిషి. మొదటిసారి తిరిగేటప్పుడే పక్కామె నడుం మీంచి ఆవిడ చెయ్యి జారిపోయింది. రెండోసారీ అంతే. బయటికొచ్చి అరుగు మీద కూలబడింది.

"ఏటైందత్తా?"

"నా ఎడంకాలు సిన్నప్పుడు ఇరిగింది కదేటి. తిరిగేకాడ బేగి రాదు. మీ మావ ఆగేవోడు. నీ పాట ఆగదు. ఇంక నానాడనులే."

నా మొహాన పేడనీళ్లు కొట్టినట్టయింది. అత్త లేని ఖాళీ గదిలో కూడా మావ ఆ కాలు కోసమే ఆగాడు. నేను దాన్ని చెరిపేశాను. ఇప్పుడు ఆవిడ ఆటే పోతోంది.

మర్నాడు ల్యాప్‌టాప్, వేళ్లతో కొట్టే చిన్న ప్యాడ్ పట్టుకుని వాళ్లింటికెళ్లాను. అత్తని బతిమాలి లేపాను. లెక్క ఆపేసి, ఆవిడ పాదాలు చూస్తూ ప్యాడ్ మీద కాంగా కొట్టాను. తిరిగేచోట ఒకసారి ముందు పడ్డాను, ఒకసారి వెనకపడ్డాను.

"నీ వొల్ల కాదులే అల్లుడా" అని నిలబడిపోయింది.

మంచం మీదున్న మావకి మాట సరిగా రాదు. ఎడమచేత్తో మంచంపట్టె మీద కొట్టి, ప్యాడ్ ఇటు తెమ్మని సైగ చేశాడు. ఆ చేతికింద పెట్టాను. కళ్లు మూసుకుని కొట్టాడు. తిరిగేచోట ఆగాడు. అత్త కాలు నేలకి ఆనాకే మళ్లీ కొట్టాడు.

అత్త ఆగలేదు. ఏడుస్తూనే ఆడుతోంది.

"మీ మావొచ్చీసినాడ్రా" అంది.