మేక బావిలో పడ్డ ఆదివారం

ఆ రోజుల్లో కార్టూన్లలో బొమ్మలే మాట్లాడతాయని మా ఎల్లారెడ్డిలో సగం మంది నమ్మకం. (మిగతా సగం ఆ సంగతి ఆలోచించనే లేదు.) కామారెడ్డిలో డిగ్రీ పూర్తిచేసి, టీచరు పరీక్షకు కోచింగని హైదరాబాదు వెళ్ళిన నేను, పుస్తకాలు అటకెక్కించి, విదేశీ కార్టూన్లకు తెలుగులో గొంతిచ్చే పనిలో చేరిపోయాను. తెలిసిన రోజున మా నాన్న, అదే మా బాపు, ఫోనులో ఒకటే మాటన్నాడు: "మేకలెక్క అరవనీకి డిగ్రీ ఎందుకు బిడ్డా?" ఆ తర్వాత నాతో మాటలు బంద్.

ఏ నోటితో అన్నాడో గాని, నాకు దొరికిన మొదటి పెద్ద వేషం మేకే. అది బావిలో పడుతూ "అయ్యో, అమ్మా! ఎవరైనా కాపాడండి!" అనాలి. హెడ్‌ఫోన్లు పెట్టుకుని, మైకు ముందు కాగితం పట్టుకుని బాగానే నిలబడ్డాను. తీరా తెర మీద మేక కాలు జారేసరికి నా కాలే జారినట్టయి, "ఓ యవ్వో! సచ్చిననే!" అని కేకపెట్టాను. అద్దం అవతల అందరూ ఒకటే నవ్వు. డైరెక్టరు గారు మాత్రం నవ్వలేదు.

"ఏమ్మా, ఈ మేకది ఏ ఊరు?"

"ఎల్లారెడ్డి, సార్." (పెద్దలు అడిగితే జవాబు చెప్పాలని మా ఇంట్లో నేర్పారు.)

పదిసార్లు మళ్ళీ చెప్పించారు. పదిసార్లూ పాఠం అప్పజెప్పినట్టే వచ్చింది. చివరికి ఆయన తల పట్టుకుని, "మొదటిదే ఉంచండి. బావిలో పడే మేక కాగితం చూసి అరవదు" అన్నారు.

అది టీవీలో వచ్చిన ఆదివారం పొద్దున నేను ఎల్లారెడ్డిలో మా ఇంట్లోనే ఉన్నాను. అప్పటికే బాపు, నాతో మాట్లాడకుండానే, కామారెడ్డిలో ఒక బడిలో నాకు ఉద్యోగం మాట్లాడిపెట్టి అమ్మతో కబురు పెట్టించాడు, మరునాడే చేరాలి. మా అమ్మను అవ్వ అనే పిలుస్తాం. ఆమె ఒళ్ళో చాట పెట్టుకుని బీడీలు చుడుతోంది. బాపు టీవీకి వీపు పెట్టి, గడపలో గడ్డం గీసుకుంటున్నాడు. మేక జారింది. నా కేక వినగానే అవ్వ చాట ఎగిరి, ఆకూ తంబాకూ ఇల్లంతా పరుచుకున్నాయి. "నా బిడ్డ పడ్డదే!" అంటూ, పక్కనే ఉన్న నన్ను దాటుకుని టీవీ దగ్గరికి ఉరికింది.

"పడ్డది మేక. నీ బిడ్డ గీడనే ఉన్నది, కూసో" అన్నాడు బాపు, సగం ముఖాన సబ్బు నురగతో ఇటు తిరిగి. ఆ వారం కథ అక్కడితో ఆగిపోయింది. ఆయన మాత్రం తెర వైపే చూస్తూ నిలబడ్డాడు. కాసేపటికి, ఎన్నో నెలల తర్వాత, నన్ను పలకరించాడు.

"మల్ల పైకొస్తదా?"

"వచ్చే ఆదివారం వస్తది బాపు."

"గప్పటిదాంక బాయిలనే ఉంచుతరా? ఏం మనుషులే మీరు!"

మరునాడు పొద్దున్నే బడికి కబురు పంపాడు, మా బిడ్డ రాదని.

ఆ తర్వాత ఎలుకలకు, ఉడతలకు, ఒకసారి రైలింజనుకు కూడా గొంతిచ్చాను. ఏళ్ళు గడిచాయి, ఈమధ్య నాకన్నీ ముసలమ్మ వేషాలే ఇస్తున్నారు. మొన్న స్టూడియోలో కొత్తగా చేరిన అమ్మాయి కళ్ళింత చేసుకుని, "మేడమ్, ముసలి గొంతు భలే పెట్టారు! నాకూ నేర్పరా?" అంది. నేనింకా మైకు దగ్గరికే వెళ్ళలేదు. టీ కావాలని అడిగానంతే.

"నీకూ వస్తది బిడ్డా," అన్నాను, "జర టైం పడుతది."