ముసలి మేకపోతుకు గొంతిచ్చిన వెర్నా

ఏడేళ్ల వయసులో వెర్నా ఓస్ట్రాండర్‌కు కంఠసర్పి వచ్చింది. ప్రాణం దక్కింది కానీ గొంతు బొంగురుపోయింది. చర్చిలో పాటలు నేర్పే ఆవిడ, నువ్వు పెదవులు కదిపితే చాలమ్మా అనేది. అందుకే పెద్దయ్యాక నోటితో అవసరంలేని పని చూసుకుంది. 1931లో లాస్ ఏంజెలెస్‌లో ఒక చిన్న కార్టూన్ల స్టూడియోలో చేరి, సెల్యులాయిడ్ రేకుల మీద గీసిన బొమ్మలకు వెనకవైపు నుంచి రంగు పూసేది. రంగులంటే నలుపు, తెలుపు, మధ్యలో ఆరు రకాల బూడిద.

ఒకరోజు మోచెయ్యి తగిలి సీసా ఒలికింది. సగం రోజు పని పాడైంది. ఆమె ఆ సీసాను తిట్టిన తిట్లు గుమ్మంలో నిలబడ్డ గస్ విన్నాడు. అతను సౌండు చూసేవాడు. నెల రోజులుగా ఒక ముసలి మేకపోతు బొమ్మకు గొంతు వెతుకుతున్నాడు. వచ్చిన నటులంతా మేకలా అరిచేవాళ్లే తప్ప ముసలాడిలా సణిగేవాళ్లు లేరు.

“ఇందాక సీసాని ఏమన్నావో అదే మైకు ముందు అను. బూతులు మాత్రం వద్దు,” అన్నాడు గస్.

ఆరేళ్లపాటు ఆమె పొద్దున రంగులు పూసి, మధ్యాహ్నం మేకపోతై సణిగింది. బుగ్గలో ఎండు బిస్కెట్ ముక్క పెట్టుకుంటే పళ్లూడిన మాట వచ్చేది. తెరమీద ఆమె పేరు ఏనాడూ పడలేదు. అప్పట్లో గొంతులిచ్చే వాళ్లెవరి పేరూ పడేది కాదు గనక ఆ సంగతే ఆలోచించలేదు.

1937లో ఒక పత్రికవాళ్లు మేకపోతు గొంతు ఎవరిదో వాళ్ల ఫోటో వేస్తామన్నారు. యజమాని ఫెన్నర్ ఆమెను పిలిచి, ఆ గొంతు ఆడమనిషిదని తెలిస్తే పిల్లలు నమ్మరని చాలాసేపు నచ్చజెప్పాడు. లెస్టర్ పెల్ అనే నాటకాల నటుణ్ణి తెచ్చి ఫోటో తీయించాడు.

పత్రిక వచ్చిన మర్నాడు లెస్టర్ టోపీ చేత్తో పట్టుకుని రంగుల గదికి వచ్చాడు.

“వెర్నా గారూ, నాకు సిగ్గుగానే ఉంది. ఇప్పుడు రేడియోవాళ్లు కూడా పిలుస్తున్నారు. కాస్త నేర్పుతారా?”

మూడు వారాలు భోజనాల వేళ స్టూడియో పెరట్లో కూర్చోబెట్టి నేర్పింది. పక్క బల్ల దగ్గర రంగులేసే ఒటీలీకి ఒళ్లు మండింది.

“నీకేమైనా పిచ్చా? నీ నోటి దగ్గరి కూడు వాడికి పెడుతున్నావు.”

“ఎలాగూ లాక్కునేవాళ్లే కదే. అడిగింది ఇతనొక్కడే,” అంది వెర్నా.

ఆ ఏడాది చివరికి మాటలన్నీ లెస్టర్‌వే అయ్యాయి. నవ్వు మాత్రం అతనికి పట్టుబడలేదు. పాత రికార్డుల్లోంచి ఆమె నవ్వు తీసి అతికించారు. ఆ సంగతి ఆమెకెవరూ చెప్పలేదు. ఒటీలీతో సినిమాకెళ్లినప్పుడు హాల్లోనే విన్నది. బయటికొచ్చాక, మేకపోతు గడ్డానికి వేసిన రంగు గీత దాటిందనీ, అది ఎవరి పనో తనకు తెలుసనీ మాత్రం అంది.

యుద్ధం రోజుల్లో స్టూడియో మూతపడింది. వెర్నా పాసడీనాలో ఒక పింగాణీ కర్మాగారంలో పళ్లాల అంచులకు పూలు వేసే పనిలో కుదిరి, పదకొండేళ్లు చేసింది. లెస్టర్ ఏటా క్రిస్మస్‌కు కార్డు పంపేవాడు. ఒకసారి తనే వచ్చి ఆరు పళ్లాలు కొని, ఆమెతో కాఫీ తాగి వెళ్లాడు.