పాటల దర్జీ ఎజ్రా టిబ్స్

ఎజ్రా టిబ్స్ తన జన్మలో ఒక్కసారి తప్ప ఏ పాటనూ ఉన్నదున్నట్టు వాయించలేదు. చేతకాక కాదు, అది తన హోదాకు తక్కువని. న్యూయార్క్‌లో కోట్లు తొడుక్కున్న మహానుభావులు తలలు బద్దలుకొట్టుకుని ఒక పాట రాసి, అచ్చు వేయించి, రేడియోలో మోగించి మా కాన్సాస్ సిటీ దాకా పంపిస్తే, మావాడు ఆ కాయితాన్ని పియానో మీద నిలబెట్టి, కళ్లద్దాలు తుడుచుకుని, "పాట బాగానే ఉంది, కుట్టే బాగాలేదు" అనేవాడు.

వాళ్ల నాన్న వైన్ వీధిలో దర్జీ. ఆయన పోతూ పోతూ కొడుక్కి వదిలిన ఆస్తి ఒక కొలతల టేపు. ఎజ్రా దాన్ని టైకి బదులు మెడలో వేలాడేసుకుని వేదిక ఎక్కేవాడు. పాటల గురించి మాట్లాడినా దుకాణం భాషే. ఒక పాటకు నడుము బిగుతు, ఇంకోదానికి చేతులు మోకాళ్లదాకా వేలాడుతున్నాయి. నేను పక్కన బేస్, అంటే మనిషంత ఎత్తు ఫిడేలు, వాయించేవాణ్ణి. నిన్న నేర్చుకున్న పాట ఇవాళ ఏ అవతారంలో వస్తుందో తెలియక బిక్కుబిక్కుమంటూ నిలబడటమే నా ఉద్యోగం.

"ఒరే ఎజ్రా, నిన్న ఇక్కడ ఈ స్వరం లేదు కదరా?"

"నిన్న మడతలో ఉంది. ఇవాళ విప్పాను."

"ముందు నాకో మాట చెప్పొద్దూ?"

"చెప్తే నువ్వు వినవు లూషియస్. వాయిస్తే తప్పించుకోలేవు."

పైగా తప్పు ఎప్పుడూ అతనిది కాదు. పాట రాసినవాడిది, అచ్చు వేసినవాడిది, లేకపోతే నాది. "టిబ్స్ కొలత తప్పదు" అని టేపు సవరించుకునేవాడు. మా చర్చిలో ఒడెస్సా అనే పిల్ల పెళ్లికి పియానో వాయించమంటే, పెళ్లికూతురు నడిచొచ్చే పాటను కూడా వదిలిపెట్టలేదు. ప్రతి రెండో అడుగు దగ్గర పాట కాస్త ఆగి, ఊగి, మళ్లీ కదిలేది. పాస్టరుగారు బైబిల్ మూసి అతనివైపు చూసిన చూపుకు ఇంకొకడైతే అక్కడే మారుమనస్సు పొందేవాడు. మావాడు మాత్రం విందులో వేయించిన కోడి రెండోసారి వడ్డించుకుని, "ఆ పాటకి కుట్టు విప్పక తప్పలేదు పాస్టరుగారూ" అన్నాడు.

మేం వాయించే పర్ల్ రూమ్ క్లబ్బు మిసెస్ బ్యూలా కాబ్‌ది. ఆవిడ చేతి పంది పక్కటెముకల కూరకు ఊరంతా దాసోహం. ఆవిడ మాత్రం ఒకే ఒక్క పాటకు దాసోహం. 'మా కిటికీలో కేనరీ' అని, ఆ ఏడు రేడియో తిప్పితే అదే. ఇందులో మహత్తరమైన కథ ఉంది. పసుపుపచ్చ పిట్ట గింజలు తింటుంది, కిచకిచమంటుంది, మళ్లీ గింజలు తింటుంది. మధ్యలో ఒకచోట పంజరం తలుపు తెరుచుకుంటే పిట్ట పైకి ఎగురుతుంది. అక్కడ అందరూ ఆగితే ట్రంపెట్ ఒక్కటే పైస్వరానికి ఎగబాకి, అక్కడ కాసేపు నిలబడాలి.

ఆ ఎగరడం లాన్జో మేబ్రీ పని. మా అందరికన్నా పెద్దవాడు, మాకందరికీ బాబాయ్. ఒకప్పుడు ఆయన పైస్వరం అందుకుంటే అలమారలో గ్లాసులు గలగలమనేవి. ఈమధ్య మాత్రం పిట్ట ఎగరబోయి రోజూ గోడకు గుద్దుకుంటోంది. అడిగితే చలి అనేవాడు, గొంతులో చేపముల్లు అనేవాడు, నా బేస్ శ్రుతిలో లేదనేవాడు. ఒకరోజు బ్యూలా వంటింట్లోంచి గరిటెతో సహా వచ్చింది.

"లాన్జో, ఇంకొక్కసారి నా పిట్టని చంపావంటే ఆ బాకా పెట్టెలో పెట్టుకుని ఇంటికెళ్లు. సెయింట్ లూయిస్ నుంచి ఇంకోణ్ణి పిలిపించుకుంటా."

ఆ వయసులో ఇంకో క్లబ్బు తీసుకోదని ఆయనకూ తెలుసు, మాకూ తెలుసు. మర్నాడు మధ్యాహ్నం సాధనకు కూర్చున్నాం. ముసలాయన బతుకు గరిటె అంచున ఊగుతుంటే మా ఎజ్రాగారికి ఏం బుద్ధి పుట్టిందంటారు? కేనరీ కుట్టు విప్పాలనిపించింది.

పరుగెత్తే పాటను ఈడుస్తూ నడిపించాడు. శ్రుతి బాగా కిందికి దించాడు. పిట్ట ఎగిరేచోట పైస్వరం పీకేసి, ఆ స్థానంలో ఏమీ పెట్టలేదు. అందరం నోళ్లు మూసుకోవాలి. పియానో మాత్రం మెల్లగా ఒక మెట్టు మోగించి ఊరుకుంటుంది.

బ్యూలా వంటింటి తలుపు తీసింది. "ఎవరు పోయారు?"

"ఎవరూ పోలేదమ్మా. మీ పిట్టే," అన్నాన్నేను.

"దానికేం జబ్బు చేసింది? ఆ మధ్యలో ఆ గొయ్యేమిటి?"

"గొయ్యి కాదండీ, జేబు," అన్నాడు ఎజ్రా.

"జేబులో ఏముంది?"

"ఎవరికి కావలసింది వాళ్లు పెట్టుకోవచ్చు."

"శనివారం దాకా చూస్తా. జనం లేచిపోతే నువ్వూ, నీ జేబూ, ఆ ముసలాడూ ముగ్గురూ బయటికి."

నాకు ఒళ్లు మండిపోయింది. "నీకు బుద్ధుందా? ఆయన ఉద్యోగం దారం మీద వేలాడుతుంటే నీ కత్తెర విద్యలు ఇప్పుడేనా?" అన్నాను. లాన్జో బాబాయ్ కూడా గింజుకున్నాడు. "ఆ పైస్వరం దగ్గరేరా నేను నా తడాఖా చూపించేది! వీడికి పాటంటే గౌరవం లేదు." ఎజ్రా టేపు సవరించుకున్నాడు.

శనివారం ఆ పాట మొదలుపెట్టాం. బాబాయ్ ట్రంపెట్ కిందిస్వరాల్లో, ఎవరికో ఏదో చెప్పుకుంటున్నట్టు సాగింది. జేబు దగ్గరికొచ్చేసరికి రైల్వే కూలీల బల్ల దగ్గర ఎముకలు కొరకడం కూడా ఆగిపోయింది. గింజలు తినే పిట్ట కోసం అంతమంది కళ్లు తుడుచుకోవడం నేనెక్కడా చూడలేదు. బ్యూలా ఏప్రాన్‌తో ముక్కు తుడుచుకుని, "నేను మొదట్నుంచీ మొత్తుకుంటూనే ఉన్నాగా, ఈ పాట మెల్లగా వాయించాలని," అంది.

దారిన పోయే బ్యాండ్లవాళ్లు విన్నారు. విన్నవాళ్లు రైలెక్కి చికాగో మోసుకుపోయారు, అక్కణ్ణుంచి న్యూయార్క్‌కు. అచ్చుకాయితం చూసే దిక్కు లేదు. పుట్టింటికి తిరిగొచ్చిన పిల్లను న్యూయార్క్ గుర్తే పట్టలేదు. రికార్డుల మీద రికార్డులొచ్చాయి, అన్నీ ఆ శ్రుతిలోనే, అన్నింట్లో ఆ జేబే. జాజ్ వాయించే ప్రతివాడికీ అది నిత్యపారాయణం అయిపోయింది. ఒక పండితుడైతే ఆ నిశ్శబ్దంలో మానవాత్మ ఏకాకితనం ఉందని పత్రికలో పేజీన్నర రాశాడు.

ఇంతలో ఒకరోజు బాబాయ్ రాలేదు. ఊరెళ్లాడన్నారు. బదులుగా ట్రంపెట్‌కు వేరే అతను వచ్చాడు. కేనరీ మొదలైంది. ఎజ్రా వేళ్ల కింద అచ్చుకాయితంలో ఉన్నట్టే పరుగు, ఉన్నట్టే శ్రుతి, పిట్ట ఎగిరేచోట పిట్ట ఎగిరింది! ఉన్నదున్నట్టు! నా చేతిలో బేస్ జారిపోబోయింది.

"ఏరా, కుట్టేమైంది?"

"ఇతనికి పళ్లన్నీ గట్టిగా ఉన్నాయి కదా," అన్నాడు ఎజ్రా.

అప్పటికి గానీ నా మట్టిబుర్రకు ఎక్కలేదు. బాబాయ్ వెళ్లింది పళ్ల డాక్టరు దగ్గరికి. ముందుపళ్లు కదులుతుంటే ట్రంపెట్‌ను పెదవికి గట్టిగా నొక్కలేడు, పైస్వరం పలకదు. నాలుక జోరుగా ఆడదు కాబట్టి పాట నెమ్మదించింది. నెమ్మదిస్తే ఊపిరి చాలదు కాబట్టి జేబు. మావాడు ఇన్నాళ్లూ కొలతలు తీసింది పాటలకు కాదు, మనుషులకు. ఒడెస్సాకు ఎడమకాలు పొట్టి అన్న సంగతి ఆమె పెళ్లినాడు చర్చిలో ఒక్కరికీ గుర్తురాలేదెందుకో కూడా అప్పుడు తెలిసింది. ఎజ్రా మీద ఎంత ప్రేమ ముంచుకొచ్చిందంటే అక్కడే కావలించుకునేవాణ్ణి. బేస్ ఒక్కటే మోగాల్సిన చోట్లన్నీ ఎందుకు కత్తిరించేవాడో కూడా అప్పుడే తట్టి ఆగిపోయాను.

కట్టుడు పళ్లతో ఊదడం బాబాయ్ మళ్లీ అ ఆల నుంచి నేర్చుకున్నాడు. ఒక ఆదివారం మధ్యాహ్నం, చికాగో నుంచి వచ్చిన శాక్సఫోన్ ఆసామి కూడా మాతో వాయిస్తుండగా, జేబు దగ్గర ఆగకుండా రయ్యిమని పైస్వరం అందుకున్నాడు. గ్లాసులు గలగలమన్నాయి. చికాగో ఆసామి చెయ్యెత్తి పాట ఆపేశాడు.

"పెద్దాయనా, ఈ పాట అలా ఉండదు. అక్కడ ఆగాలి."

"ఇది పుట్టినప్పట్నుంచీ నేను వాయిస్తున్నా నాయనా!"

"అయితే పుట్టినప్పట్నుంచీ తప్పు వాయిస్తున్నారు."

వంటింట్లోంచి బ్యూలా కేక: "లాన్జో! నా జేబేదీ?"

బాబాయ్ ఎజ్రావైపు తిరిగాడు. మొహం కందగడ్డలా ఉంది. "చూశావా? బంగారంలాంటి పైస్వరం పీకేసి గొయ్యి తవ్వావు. అసలెందుకు తీసేశావురా దాన్ని?"

ఎజ్రా మెడలో టేపు తడుముకున్నాడు.

"కొలత తప్పింది బాబాయ్."

ఎజ్రా నోట ఆ మాట వినడం అదే మొదలు, అదే ఆఖరు. బాబాయ్ మొహం వెలిగిపోయింది. "ఆ మాట అప్పుడే ఒప్పుకుంటే పోయేది కదరా," అని ఘనంగా క్షమించేశాడు.

"జేబు ఉండనీ," అన్నాడు ఎజ్రా. "ఇవాళ అందులో నీ స్వరం పెట్టుకో."

మళ్లీ మొదలుపెట్టాం, మెల్లగానే. అందరం ఆగాం, పియానో మెట్టు ఒకటి మోగింది, ఆ నిశ్శబ్దంలోంచి బాబాయ్ పిట్ట తాపీగా పైకెగిరి, కావలసినంత సేపు నిలబడింది. చికాగో ఆసామి మాత్రం కాన్సాస్ సిటీలో ఆ పాట తప్పు వాయిస్తారని ఇప్పటికీ అందరికీ చెబుతున్నాడట.